క్షయ నివేదికలలో మదనపల్లె

ప్రభుత్వం ఒక సమస్యపై సంఘాన్ని నియమించిందన్న వార్త పత్రికలో రాగానే, "ఇంకేముంది, అది అటకెక్కినట్టే" అని పెదవి విరవడం మనకు అలవాటు. ఆ అలవాటు ఊరికే రాలేదు. రైలు పట్టాలు తప్పినా, వంతెన కూలినా, కలుషిత జలం తాగి ఊరు ఊరంతా మంచం పట్టినా విచారణ సంఘం వస్తుంది, వాంగ్మూలాలు తీసుకుంటుంది, సంపుటాలు అచ్చవుతాయి. ఆ తరువాత వాటి ఊసే ఉండదు. 1952 నాటి విచారణ సంఘాల చట్టం ప్రకారం ఏర్పడిన కమిషన్ నివేదికనైతే, తీసుకున్న చర్యల వివరంతో సహా ఆరు నెలలలోగా చట్టసభ ముందు ఉంచాలన్న నియమమైనా ఉంది. ఆరోగ్య రంగంలో మనకు తెలిసిన కమిటీలలో అత్యధికం ఆ చట్టం కిందికి రావు. అవి సలహా సంఘాలు. ప్రభుత్వం సలహా వినవచ్చు, వినకపోవచ్చు.

అయినా ఆ సంపుటాల దుమ్ము దులిపి చదివితే ఒక విషయం బోధపడుతుంది. ఒక వ్యాధిని దేశం ఎప్పుడు చూసింది, ఎలా లెక్కపెట్టింది, ఎవరిని లెక్కలోంచి జారవిడిచింది అన్నది వాటిలో ఉన్నంత స్పష్టంగా మరెక్కడా దొరకదు. క్షయ విషయంలో ఇది మరీ నిజం. గత నూటపది సంవత్సరాలలో ఈ వ్యాధిపై వచ్చిన విచారణలను వరుసగా చదువుకుంటూ పోతే పూర్వపు చిత్తూరు జిల్లాలోని ఒక పట్టణం పేరు మాటిమాటికీ ఎదురవుతుంది. అది మదనపల్లె. మనవారిలో చాలామందికి ఆ పట్టణం టమోటా మార్కెట్టుగానో, జిడ్డు కృష్ణమూర్తి పుట్టిన ఊరుగానో, రవీంద్రనాథ్ ఠాగూర్ 1919లో 'జనగణమన'ను ఆంగ్లంలోకి అనువదించిన చోటుగానో తెలుసు. ప్రపంచ వైద్య సాహిత్యంలో మాత్రం మదనపల్లె అంటే క్షయ పరిశోధన.

మొదటి విచారణ 1914లో మొదలైంది. క్షయ ఎంతగా వ్యాపించిందో, ఎందుకు వ్యాపిస్తున్నదో తెలుసుకొమ్మని భారత ప్రభుత్వం మిషనరీ వైద్యుడైన ఆర్థర్ లాంకెస్టర్‌ను కోరింది. ఆయన దేశమంతా తిరిగి సేకరించిన విషయాలు 1920లో పుస్తకంగా వెలువడ్డాయి. గాలి చొరబడని ఇళ్ళు, కిక్కిరిసిన పేటలు, పరదా వెనుక మగ్గే స్త్రీలు, చిన్ననాటి పెళ్ళిళ్ళు, పట్టణాలకు పల్లెలకు మధ్య పెరిగిన రాకపోకలు, ఇవన్నీ కారణాలుగా ఆయనకు కనిపించాయి. ఆ పరిశీలనలో పదును ఉంది. అయితే ఆ కాలపు వైద్యులందరిలాగే ఆయన కూడా క్షయను ప్రధానంగా పట్టణ వ్యాధిగా చూశారు. పల్లె సాపేక్షంగా నిర్మలమని, జబ్బు బస్తీ నుంచి రైలెక్కి పల్లెకు పోతున్నదని ఆ నాటి భావన. ఈ భావన మరో నలభై ఏళ్ళపాటు మన ఆరోగ్య విధానాన్ని శాసించింది. దానిని తుదకు తోసిపుచ్చిన సాక్ష్యంలో ఒక భాగం మదనపల్లె చుట్టూ ఉన్న పల్లెల నుంచే వచ్చింది.

లాంకెస్టర్ విచారణ సాగుతున్న రోజులలోనే, 1915లో, మదనపల్లెకు కొద్ది మైళ్ళ దూరంలో పలు ప్రొటెస్టెంట్ మిషన్లు కలిసి ఒక క్షయ చికిత్సాలయాన్ని నెలకొల్పాయి. పేరు యూనియన్ మిషన్ ట్యూబర్‌క్యులోసిస్ శానటోరియం. దాని చుట్టూ పెరిగిన ఊరికి ఆరోగ్యవరమన్న పేరు స్థిరపడింది. మొదటి అధిపతి డేనిష్ మిషన్‌కు చెందిన డాక్టర్ క్రిస్టియన్ ఫ్రిమోడ్ట్ మోలర్. సముద్రమట్టానికి దాదాపు 700 మీటర్ల ఎత్తు, పొడి గాలి, మరీ మండని ఎండ. మందు లేని రోజులలో ఆ గాలే మందు. రోగిని వరండాలో పడుకోబెట్టి, కడుపునిండా పాలు, గుడ్లు, అన్నం పెట్టి, నెలల తరబడి కదలనివ్వకుండా ఉంచేవారు. అవసరమైతే ఛాతీలోకి సూదితో గాలి ఎక్కించి, జబ్బుపడిన ఊపిరితిత్తిని ముడుచుకుపోయేలా చేసి, దానికి విశ్రాంతి ఇచ్చేవారు. నేటి పాఠకులకు ఇది మొరటుగా తోచవచ్చు. స్ట్రెప్టోమైసిన్ 1940ల నడుమగానీ రాలేదు, ఐసోనియాజిడ్ 1952లోగానీ రాలేదు. అంతవరకు వైద్యుని చేతిలో ఉన్నవి మంచం, ఆహారం, సూది మాత్రమే.

ఇక్కడ ఒక చిన్న పక్కదారి. ఆరోగ్యవరం వైద్యులు వచ్చిన ప్రతి దగ్గునూ క్షయ అని రాసి పంపేవారు కారు. ఎక్స్‌రేలో అచ్చం క్షయలాగే మచ్చలు కనబడి, రక్తంలో ఇయోసినోఫిల్ కణాలు విపరీతంగా పెరిగి, తెమడలో మాత్రం క్షయ క్రిములు కనిపించని కొందరు రోగులను ఫ్రిమోడ్ట్ మోలర్, బార్టన్ అనే వైద్యులు గుర్తించి, 1940లో ఒక వ్యాసం ప్రచురించారు. తరువాతి కాలంలో ట్రాపికల్ ఇయోసినోఫీలియా అని పేరు పొందిన జబ్బు ఇదే. దాని మూలం ఫైలేరియా పురుగు పట్ల శరీరం చూపే అతి ప్రతిస్పందన అని ఆ పిమ్మట తేలింది. నా తరం వైద్య విద్యార్థులు పాఠ్యపుస్తకంలో ఈ జబ్బును చదివారు గాని, దాని తొలి వర్ణన మన మదనపల్లె నుంచి వెళ్ళిందని తెలిసినవారు తక్కువ. తెమడను సూక్ష్మదర్శినిలో చూడకుండా ఎక్స్‌రే ఒక్కదానితో క్షయ అని తీర్మానించకూడదన్న పాఠం ఆ వ్యాసంలోనే ఉంది. ఆ పాఠాన్ని మన ప్రభుత్వ కార్యక్రమం నేర్చుకోవడానికి మరో యాభై ఏళ్ళు పట్టింది. ఆ సంగతికి తరువాత వస్తాను.

ఇక భోర్ కమిటీ. సర్ జోసఫ్ భోర్ అధ్యక్షతన 1943 అక్టోబరులో ఏర్పడి, 1946లో నాలుగు సంపుటాల నివేదిక సమర్పించిన ఈ సంఘం గురించి మన ఆరోగ్య చరిత్రలో ఎంత చెప్పినా తక్కువే. బిధాన్ చంద్ర రాయ్, ఆర్కాటు లక్ష్మణస్వామి మొదలియార్ వంటి వైద్యులు అందులో సభ్యులు. ఒక పక్క యుద్ధం, మరో పక్క బెంగాలులో కరువు. ఆ పరిస్థితిలో కూర్చుని వారు దేశ ఆరోగ్య స్థితిని అంకెలలో పెట్టారు. సగటు ఆయుర్దాయం 27 ఏళ్ళ లోపు. 6,300 మందికి ఒక వైద్యుడు. 43,000 మందికి ఒక నర్సు. వెయ్యి మందికి ఆసుపత్రి మంచాలు 0.24, అంటే నాలుగువేల మందికి ఒకటి చొప్పున. వైద్యానికి డబ్బు చెల్లించలేడన్న కారణంతో ఏ వ్యక్తికీ చికిత్స అందకుండా పోరాదన్న సూత్రాన్ని వారు నివేదికకు పునాదిగా పెట్టుకున్నారు.

క్షయపై వారి అంచనా మరింత భయంకరం. ఏటా దాదాపు 5 లక్షల మరణాలు. ఇతరులకు జబ్బు అంటించగల స్థితిలో ఉన్న రోగులు 25 లక్షల మంది. వారందరికీ దేశంలో ఉన్న క్షయ మంచాలు సుమారు 6,000. లెక్క కడితే నాలుగువందల మందికి పైగా రోగులు ఒక్క మంచం కోసం నిలబడాలి. క్షయ సంస్థలలో బాధ్యతలు అప్పగించదగినంత అనుభవమున్న వైద్యులు డెబ్బై ఎనభై మందికి మించరని కూడా వారు రాశారు. ఆ కొద్దిమందిని తయారుచేసిన చోట్లలో ఆరోగ్యవరం ఒకటి. ఫ్రిమోడ్ట్ మోలర్ తరువాత అక్కడ అధిపతిగా పనిచేసిన డాక్టర్ పి.వి. బెంజమిన్, స్వాతంత్ర్యానంతరం భారత ప్రభుత్వానికి క్షయ సలహాదారుగా వెళ్ళారు. మన పల్లె గాలిలో నేర్చిన పాఠాలు ఢిల్లీకి చేరిన దారి అది.

భోర్ కమిటీ అంకెలు అంచనాలే తప్ప ఇంటింటికీ తిరిగి తేల్చినవి కావు. ఆ మాట వారే దాచలేదు. ఒక నివేదిక విలువను నేను తూచే తక్కెడ ఇదే. తనకు తెలియనిది తెలియదని రాసిన నివేదిక తరువాతివారికి పని చూపిస్తుంది. అన్నీ తెలిసినట్టు రాసినది అల్మరాకు బరువు.

ఆ పని మదనపల్లెలో రెండు రూపాలలో మొదలైంది. మొదటిది టీకా. 1948 మే నెలలో భారత ప్రభుత్వం బి.సి.జి. టీకాను పరిమితంగా ప్రవేశపెట్టే నిర్ణయాన్ని ప్రకటించింది. టీకా తయారీకి మద్రాసు గిండీలోని కింగ్ ఇన్‌స్టిట్యూట్‌లో ప్రయోగశాల ఏర్పడింది. అదే ఏడు ఆగస్టులో మదనపల్లెలో టీకాలు వేయడం మొదలైంది. ఈ రోజు పుట్టిన ప్రతి బిడ్డ ఎడమ భుజంపై వేసే ఆ చుక్క మందు ప్రయాణం ఈ దేశంలో మొదలైనది అక్కడే. 1951 నాటికి అది దేశవ్యాప్త ఉద్యమమైంది.

వివాదం కూడా వెంటనే వచ్చింది. 1955లో రాజాజీ ఈ టీకాను గట్టిగా వ్యతిరేకిస్తూ చిన్న పుస్తకమే ప్రచురించారు. బతికున్న క్రిములను పసిపిల్లల శరీరంలోకి లక్షల సంఖ్యలో ఎక్కించే హక్కు ప్రభుత్వానికి ఎవరిచ్చారని, ఇంతకూ దాని ప్రయోజనం రుజువైందా అని ఆయన వాదన. అప్పటి ఆరోగ్యమంత్రి రాజకుమారి అమృత్ కౌర్, వైద్య నిపుణులు దానిని ఖండించారు. ఈనాడు వాట్సాప్‌లో టీకాలపై తిరిగే చెత్తతో రాజాజీ మాటలను ఒకే గాటన కట్టడం న్యాయం కాదు. టీకా ప్రమాదకరమన్న ఆయన భయం తప్పు. సాక్ష్యమేదన్న ఆయన ప్రశ్న తప్పు కాదు. ఆ ప్రశ్నకు జవాబు చెప్పడానికి శాస్త్రానికి పాతికేళ్ళు పట్టింది. మదనపల్లె పల్లెలలో సాగిన పరిశీలన, టీకా తొలి సంవత్సరాలలో కొంత రక్షణ ఇస్తున్నట్టు, కాలం గడిచేకొద్దీ ఆ తేడా తరిగిపోతున్నట్టు చూపింది. 1968లో తమిళనాడులోని చెంగల్పట్టు జిల్లాలో లక్షల మందిపై మొదలైన బృహత్ పరీక్ష ఫలితాలు 1979లో బయటపడ్డాయి. పెద్దలకు వచ్చే ఊపిరితిత్తుల క్షయను బి.సి.జి. ఆపడం లేదని తేలింది. అందరూ నిర్ఘాంతపోయారు. పసిపిల్లలలో మెదడు పొరలకు వచ్చే క్షయను, ఒళ్ళంతా పాకే క్షయను అది అడ్డుకుంటుంది కనుకనే నేటికీ వేస్తున్నాం, వేయించాలి కూడా. పెద్దల క్షయకు టీకా ఉందిగదా అన్న ధీమా మాత్రం ఆ రోజుతో పోయింది.

రెండవ పని లెక్క. క్రిస్టియన్ ఫ్రిమోడ్ట్ మోలర్ కుమారుడు డాక్టర్ యోహానెస్ ఫ్రిమోడ్ట్ మోలర్ 1950 నుంచి 1955 వరకు మదనపల్లె చుట్టుపక్కల గ్రామాలలో ఒక పెద్ద అధ్యయనం నడిపారు. ఆసుపత్రికి వచ్చిన రోగిని చూడడం ఒక ఎత్తు. ఊళ్ళో ఉన్న ప్రతి మనిషినీ, జబ్బున్నా లేకున్నా, పిలిచి ఎక్స్‌రే తీసి, చర్మ పరీక్ష చేసి, అనుమానమున్నవారి తెమడ పరీక్షించి, మళ్ళీ మళ్ళీ అదే ఊరికి వెళ్ళి అదే మనిషిని వెదకడం మరొక ఎత్తు. కరెంటు లేని ఊళ్ళు, బండిదారులు, పంటకాలంలో పొలానికి, పంటలేని కాలంలో వలసకు పోయే జనం. ఆ పల్లెలలో ఎక్స్‌రే తీసిన సిబ్బంది పేర్లు ఏ చరిత్ర పుస్తకంలోనూ లేవు. ఆ అధ్యయనం పూర్తి నివేదిక 1960లో ప్రపంచ ఆరోగ్య సంస్థ పత్రికలో వెలువడింది. క్షయ నియంత్రణపై ప్రపంచంలో ఎక్కడ చర్చ జరిగినా ఆ తరంలో దానిని ఉటంకించకుండా ఉండేవారు కారు.

ఇంతలో దేశమంతటికీ ఒకే పద్ధతిలో లెక్క తీయాలని భారత వైద్య పరిశోధన మండలి సంకల్పించింది. 1955 నుంచి 1958 వరకు జరిగిన జాతీయ నమూనా సర్వే అది. దేశాన్ని ఆరు మండలాలుగా తీసుకున్నారు. కలకత్తా, ఢిల్లీ, హైదరాబాదు, పాట్నా, తిరువనంతపురం, మదనపల్లె. ఐదు మహానగరాలు, రాజధానుల సరసన ఒక తాలూకా కేంద్రం. ఐదేళ్ళు దాటినవారందరికీ ఎక్స్‌రే తీయడం, అనుమానం వచ్చినవారి తెమడ పరీక్షించడం పద్ధతి. ఎక్స్‌రేలో చురుకైన క్షయ కనబడినవారు వెయ్యికి 13 నుంచి 25 మంది. తెమడలో క్రిములు కనబడినవారు వెయ్యికి 2 నుంచి 8 మంది. అన్నిటికంటే ముఖ్యమైన ఫలితం వేరు. పల్లెకూ పట్టణానికీ చెప్పుకోదగ్గ తేడా లేదు.

ఈ ఒక్క వాక్యం విధానాన్ని తలకిందులు చేసింది. దేశ జనాభాలో అయిదింట నాలుగు వంతుల మంది పల్లెలలో ఉన్నప్పుడు, రోగులలో కూడా అయిదింట నాలుగు వంతుల మంది పల్లెలలోనే ఉన్నారన్న మాట. నగరాలలో కొన్ని వేల మంచాలు పెంచినా వారికి అందేదేమీ లేదు. ఆరోగ్యవరం వంటి చికిత్సాలయాలు ఎంత గొప్పవైనా సముద్రంలో కాకిరెట్ట. అదే సమయంలో, 1956లో మద్రాసులో ఏర్పడిన క్షయ రసాయన చికిత్సా కేంద్రం మరొక ప్రశ్న అడిగింది. రోగికి శానటోరియం అవసరమా? 193 మంది పేద రోగులలో కొందరికి చికిత్సాలయంలో, కొందరికి ఇరుకైన సొంత ఇళ్ళలో ఒకే మందులు ఏడాదిపాటు ఇచ్చి చూశారు. 1959లో ప్రకటించిన ఫలితం ప్రపంచాన్ని ఆశ్చర్యపరిచింది. ఇంట్లో ఉన్నవారూ దాదాపు అంత బాగానే కోలుకున్నారు. వారి కుటుంబ సభ్యులకు అదనంగా జబ్బు సోకలేదు. మంచి గాలి, మంచి తిండి, పడక, ఈ మూడూ లేకపోయినా మందు పనిచేస్తుంది, క్రమంగా మింగితే.

ఆ మాటతో శానటోరియం యుగం ముగిసింది. ఆరోగ్యవరం తన ప్రయోజనాన్ని తనే పరిమితం చేసుకునే శాస్త్రానికి సాక్ష్యం సమకూర్చిందంటే అతిశయోక్తి కాదు. తరువాత అది సాధారణ ఆసుపత్రిగా, ఆరోగ్యవరం మెడికల్ సెంటర్‌గా మారింది.

1959లో బెంగళూరులో జాతీయ క్షయ సంస్థ ఏర్పడి, పల్లెకు పనికివచ్చే కార్యక్రమాన్ని రూపొందించే పని చేపట్టింది. దాని మొదటి జిల్లా నమూనాను ప్రయోగించింది మన రాయలసీమలోనే, 1961లో, అనంతపురం జిల్లాలో. మరుసటి ఏడు జాతీయ క్షయ కార్యక్రమం మొదలైంది. ఈ నడుమ ఆ సంస్థకు చెందిన దేబబ్రత బెనర్జీ, స్టిగ్ ఆండర్సన్ కర్ణాటకలోని తుమకూరు జిల్లా పల్లెలలో జరిపిన పరిశీలన నాకు ఈ మొత్తం చరిత్రలో అతి విలువైనదిగా కనిపిస్తుంది. 1963లో ప్రచురితమైన ఆ వ్యాసం అడిగిన ప్రశ్న చాలా చిన్నది. పల్లె రోగికి తన జబ్బు గురించి తెలుసా, తెలిస్తే ఏం చేశాడు? అప్పటివరకు అధికారుల మాట ఒకటే. పల్లె జనం అజ్ఞానులు, ఆసుపత్రికి రారు. పరిశీలనలో తేలింది వేరు. తెమడలో క్రిములున్న రోగులలో అత్యధికులకు తమకేదో జబ్బు ఉందని తెలుసు. దాదాపు సగం మంది అప్పటికే వైద్యం కోసం వెళ్ళి వచ్చారు. వారికి అక్కడ దొరికింది ఒక సీసాడు దగ్గుమందు.

తప్పు రోగిది కాదు, సీసాది. ఆ దగ్గుమందు సీసా నేటికీ ఖాళీ కాలేదు. పుంగనూరు చుట్టుపక్కల పల్లెల నుంచి నెల రోజులుగా దగ్గుతూ వచ్చిన మనిషిని ఎన్నిచోట్ల చూపించుకున్నావని అడిగితే, మందుల షాపు, ఆర్.ఎం.పి., మరొక మందుల షాపు అని జవాబు వస్తుంది. చేతిసంచీలో సగం తాగిన సిరప్పు సీసాలు రెండు మూడు ఉంటాయి. తెమడ పరీక్ష చేయించమని ఎవరూ చెప్పి ఉండరు. ఈ మాట ఏ ఒక్క ఆసుపత్రినో నిందించడానికి అనడం లేదు. అరవై ఏళ్ళ కిందట రాసిన వాక్యం మన వీధిలో ఇంకా నడుస్తున్నదని చెప్పడానికే.

ఇప్పుడు కుప్పం వైపు వెళదాం. 1911లో చిత్తూరు జిల్లా ఏర్పడేదాకా మదనపల్లె తాలూకా కడప జిల్లాలో ఉండేది. పుంగనూరు, కుప్పం ఉత్తర ఆర్కాటులో ఉండేవి. కుప్పానికి పక్కనే మైసూరు సంస్థానం. బెంగళూరు రైలుమార్గంలో కాస్త ముందుకు వెళ్ళి బంగారుపేటలో దిగితే, అక్కడి నుంచి కోలారు బంగారు గనులకు చీలిక దారి. 1880 నుంచి జాన్ టేలర్ కంపెనీ తవ్వించిన ఆ గనులలో తమిళులతోపాటు మన సరిహద్దు పల్లెల తెలుగువారు కూడా తరతరాలుగా పనిచేశారు. లోతున రాయిని పగలగొట్టినప్పుడు లేచే సన్నని సిలికా ధూళి ఊపిరితిత్తులలో చేరి, అక్కడే గడ్డకట్టి, వాటిని మెల్లగా రాయిలా బిగుసుకుపోయేలా చేస్తుంది. ఆ జబ్బే సిలికోసిస్. దానికి తిరుగు మందు లేదు. దానితోపాటు క్షయ సోకే అవకాశం కొన్ని రెట్లు పెరుగుతుంది.

మైసూరు ప్రభుత్వం 1940లో సిలికోసిస్ నియమాలు చేసి, ఈ జబ్బుకు నష్టపరిహారం ఇవ్వాలని నిర్ణయించింది. 1940 నుంచి 1946 వరకు జరిగిన పరీక్షలలో 7,653 మంది గని కార్మికులను చూడగా, నూటికి దాదాపు 44 మందికి సిలికోసిస్ ఉన్నట్టు తేలింది. ఇద్దరిలో ఒకరికి కాస్త తక్కువ. భోర్ కమిటీ దేశమంతటి క్షయను అంచనా వేస్తున్న సంవత్సరాలే ఇవి. ఒక చోట క్షయను, ఒక చోట ధూళిని విడివిడిగా లెక్కిస్తున్నారు. రెండూ కలిసి ఒకే మనిషి ఛాతీలో కాపురం ఉండేవి.

వైద్యునిగా నాకు ఆ 44 కంటే దాని వెనుక దాగినది ఎక్కువ కలవరం కలిగిస్తుంది. పరీక్షకు అందినవారు పనిలో ఉన్నవారు. ఊపిరాడక పని మానేసి ఇంటికి పోయినవాడు గని ద్వారం దగ్గర వరుసలో నిలబడడు. కోలారులో ధూళి పీల్చినవాడు కుప్పం దగ్గరి తన పల్లెకు తిరిగి వచ్చి కన్నుమూస్తే, జబ్బు ఒక రాష్ట్రపు లెక్కకు, చావు మరొక రాష్ట్రపు లెక్కకు చెందుతాయి. గ్రామ మరణాల పుస్తకంలో 'దగ్గు, జ్వరం' అని పడుతుంది. నివేదిక ఎంత నిజాయితీగా రాసినా, దాని సరిహద్దు బయట పడినవారు లేనట్టే.

గనులు 2001 ఫిబ్రవరి 28న మూతపడ్డాయి. ధూళి మూతపడలేదు. కుప్పం గ్రానైటుకు, ముఖ్యంగా 'కుప్పం గ్రీన్' అని పిలిచే ఆకుపచ్చ రాయికి, దేశవిదేశాలలో గిరాకీ ఉంది. క్వారీలలో రాయి తొలిచేవారు, పాలిషింగ్ యూనిట్లలో కోసేవారు, క్రషర్ల దగ్గర పనిచేసేవారు అదే సిలికాను పీలుస్తున్నారు. సిలికోసిస్ చట్టప్రకారం ప్రభుత్వానికి తెలియజేయవలసిన వ్యాధి. అలా తెలియజేయాలంటే వైద్యుడు ముందు దానిని గుర్తించాలి. గుర్తించాలంటే "ఏం పని చేస్తావు?" అని అడగాలి. రద్దీగా ఉన్న ఓ.పి.లో ఆ ఒక్క ప్రశ్నకే తీరిక ఉండదు. ఎక్స్‌రేలో మచ్చలు చూసి క్షయ మందులు రాసేస్తారు. 1940లో ఆరోగ్యవరం నుంచి వెళ్ళిన వ్యాసం చెప్పిన జాగ్రత్త ఇక్కడ మళ్ళీ గుర్తుకు వస్తుంది.

తక్కిన కథ త్వరగా చెప్పవచ్చు. లక్ష్మణస్వామి మొదలియార్ అధ్యక్షతన ఏర్పడిన మరొక కమిటీ 1961లో ఇచ్చిన నివేదిక, భోర్ కలగన్న ప్రాథమిక ఆరోగ్య కేంద్రాలు పేరుకు ఉన్నాయేగాని సిబ్బంది, సౌకర్యాలు లేవని, కొత్తవి తెరిచే ముందు ఉన్నవాటిని నిలబెట్టమని చెప్పింది. భోర్ కమిటీలో కూర్చున్న మనిషే పదిహేనేళ్ళ తరువాత తన సలహా ఏ గతి పట్టిందో చూసి రాసిన పత్రం అది. చదువుతుంటే జాలి కలుగుతుంది. 1992లో భారత ప్రభుత్వం, ప్రపంచ ఆరోగ్య సంస్థ, స్వీడన్ సహాయ సంస్థ కలిసి క్షయ కార్యక్రమాన్ని సమీక్షించాయి. నిధులు చాలవు, మందుల సరఫరా నిలకడగా లేదు, తెమడ పరీక్షను వదిలి ఎక్స్‌రేపై అతిగా ఆధారపడుతున్నారు, మందులు మొదలుపెట్టినవారిలో ఎక్కువమంది చివరిదాకా మింగడం లేదు అని తేల్చాయి. ఈ సమీక్షకు మాత్రం ఫలితం దక్కింది. మరుసటి ఏడే సవరించిన కార్యక్రమం ప్రయోగాత్మకంగా మొదలై, 2006 మార్చి నాటికి దేశమంతటికీ విస్తరించింది. ఆరోగ్య కార్యకర్త కళ్ళెదుట మందు మింగించే పద్ధతి ఆ కార్యక్రమంతోనే మన ఊళ్ళకు వచ్చింది. 2012 మే నెలలో క్షయ రోగి వివరాన్ని ప్రైవేటు వైద్యులు కూడా ప్రభుత్వానికి తెలియజేయాలని ఉత్తర్వు వెలువడింది.

1955 నాటి సర్వే తరువాత దేశవ్యాప్తంగా మళ్ళీ అలాంటి లెక్క తీయడానికి ఆరు దశాబ్దాలు పట్టింది. 2019 నుంచి 2021 వరకు జరిగిన జాతీయ క్షయ సర్వేలో పదిహేనేళ్ళు దాటిన ప్రతి లక్ష మందిలో 316 మందికి పరీక్షలో రుజువైన ఊపిరితిత్తుల క్షయ ఉందని తేలింది. లక్షణాలు ఉన్నవారిలో నూటికి దాదాపు 64 మంది ఎక్కడా వైద్యానికి వెళ్ళలేదు. తుమకూరులో సగం మంది వెళ్ళి సీసాతో తిరిగి వచ్చారు. ఇప్పుడు అంతకన్నా ఎక్కువమంది వెళ్ళడమే లేదు. పక్కపక్కన పెట్టి చూసేటప్పుడు రెండు పరిశీలనల పద్ధతులూ వేరని గుర్తుంచుకోవాలి. మొదటిది రుజువైన రోగులను, రెండవది లక్షణాలున్న వారందరినీ అడిగింది. ఆ మినహాయింపు ఇచ్చాక కూడా అంకె తేలికైనది కాదు.

ఆరోగ్యవరం వరండాలో పాలు, గుడ్లు పెట్టిన పద్ధతిని మందులు వచ్చాక అందరం పాతబడిపోయిందనుకున్నాం. 2023లో ప్రచురితమైన జార్ఖండ్ పరిశోధన, క్షయ రోగి కుటుంబానికి నెలనెలా అదనపు ఆహారం ఇస్తే ఇంట్లో మిగతావారికి జబ్బు రావడం దాదాపు 40 శాతం తగ్గిందని చూపింది. ప్రభుత్వం క్షయ రోగి ఖాతాలో 2018 నుంచి నెలకు రూ. 500 చొప్పున, 2024 నవంబరు నుంచి రూ. 1,000 చొప్పున జమచేస్తున్నది. ఆ డబ్బు రావాలంటే రోగి పేరు నమోదై ఉండాలి, బ్యాంకు ఖాతా వివరాలు ఇచ్చి ఉండాలి. ఇది తెలియక వదులుకుంటున్న కుటుంబాలు ఇంకా ఉన్నాయి.

రెండు వారాలు దాటిన దగ్గు, సాయంత్రం జ్వరం, బరువు తగ్గడం, తెమడలో రక్తం, వీటిలో ఏది ఉన్నా తెమడ పరీక్ష ప్రభుత్వ ఆరోగ్య కేంద్రంలో ఉచితం. ఇంట్లో ఒకరికి క్షయ అని తేలితే పిల్లలతో సహా అందరినీ పరీక్షించాలి. క్వారీలోగాని, క్రషర్ దగ్గరగాని, రాతి పాలిషింగ్ యూనిట్లోగాని పనిచేసినవారు, పని మానేసి పదేళ్ళయినా సరే, డాక్టరు అడగకపోయినా ఆ సంగతి చెప్పి, ఆసుపత్రి చీటీ మీద రాయించుకోండి.